చెరలో పాట నేర్పిన మిస్సమ్మ – మార్గరెట్ డ్రైబరో గారి జీవితం



మన యువజనులలో కొందరు పారడైజ్ రోడ్ అనే ఇంగ్లీషు చిత్రం చూచి, అందులో జరిగినదంతా నిజమేనా, లేక సినిమావారు కల్పించినదా అని అడిగారు. 1997లో బ్రూస్ బెరెస్‌ఫోర్డ్ అనే ఆస్ట్రేలియా దర్శకుడు తీసిన చిత్రం అది. రెండవ ప్రపంచయుద్ధంలో జపాను సైన్యం సుమత్రా దీవిలో బంధించిన స్త్రీలు, వాయిద్యం ఒక్కటి కూడ లేకుండ, గొంతులతోనే గొప్ప గొప్ప సంగీతకారుల కృతులు పాడుకొని ప్రాణాలు నిలుపుకొన్నారని అందులో చూపించారు. పేర్లు మార్చారు, కొన్ని సంగతులు కలిపారు. కాని పాట నిజం, చెర నిజం. ఆ పాటకు మూలమైన మిస్సమ్మ గారు కూడ నిజంగా జీవించినవారే. ఆమె పేరు మార్గరెట్ డ్రైబరో. సినిమాలో ఆమె పాత్రకు డెయిజీ డ్రమ్మండ్ అని పేరు పెట్టారు, పౌలిన్ కాలిన్స్ అనే నటి వేశారు.

చిత్రం చూచినవారికి ఆమె ఎవరో, ఎక్కడనుండి వచ్చారో తెలియదు. అందుచేత ఆమె జీవితాన్ని నాకు తెలిసినంతలో ఈ పుటలలో వ్రాస్తున్నాను. ఆమె బాప్టిస్టు కాదు, ప్రెస్బిటేరియన్. మన తెలుగు దేశంలో పనిచేసినవారూ కాదు. అయినా మన తాతలు నెల్లూరులోనూ, ఒంగోలులోనూ, పాలమూరులోనూ, హన్మకొండలోనూ చూచిన మిస్సమ్మల కోవకు చెందిన మనిషే. పెండ్లి లేదు, సొంత ఇల్లు లేదు. ఒక పెట్టె, ఒక గొడుగు, ఒక బడి, అంతే.

మార్గరెట్ గారు 1890 ఫిబ్రవరి 24న ఇంగ్లండు ఉత్తర భాగంలోని సండర్లాండ్ పట్టణంలో పుట్టారు. ఓడలు కట్టే ఊరు అది, బొగ్గు గనుల దగ్గర ఊరు. తండ్రి ప్రెస్బిటేరియన్ సంఘకాపరి. కాపరి ఇంటి బిడ్డలకు సంగీతం ఎట్లా అబ్బుతుందో మనకు తెలిసినదే. ఆదివారం ఆరాధన, వారం మధ్య ప్రార్థన కూటం, పాటల అభ్యాసం, వీటన్నిటికీ మొదట వచ్చి కూర్చునేది వాళ్ళే. ఆమె న్యూకాసిల్‌లో పట్టా పుచ్చుకొని, 1911లో ఉపాధ్యాయురాలిగా అర్హత పొంది, దగ్గరలోనే రైహోప్ అనే ఊరి గ్రామర్ స్కూలులో చరిత్ర, ఫ్రెంచి, లాటిన్ బోధించారు. ఆ తరువాత నర్సు శిక్షణ కూడ తీసుకొన్నారు. దూరదేశం వెళ్ళదలచినవారికి పలక పట్టడమూ రావాలి, పట్టీ కట్టడమూ రావాలి అన్నది ఆ రోజులలో మిషనుల పద్ధతి.

1919లో ఆమెను దక్షిణ చైనాలోని స్వాటౌ పట్టణానికి పంపారు. 1920ల రెండవ భాగంలో సింగపూరుకు మార్చారు. స్వాటౌ ప్రాంతంనుండి బ్రతుకు తెరువుకు సింగపూరు వెళ్ళి స్థిరపడిన చైనావారు వేలమంది ఉండేవారు. వారి భాష, వారి యాస ఆమెకు అప్పటికే వచ్చును. అంటే ఆమె సేవ చేసినది వలస జనం మధ్యనే. కువో చువాన్ బాలికల పాఠశాలకు ప్రిన్సిపాలుగా ఉన్నారు. ఆడపిల్లను బడికి పంపడం దండుగ అనుకొనే తల్లిదండ్రులను ఒప్పించి పిల్లలను కూర్చుకోవడం ఎంత కష్టమో కామాఠీపురా గల్లీలలో ఆదివార బడి నడిపినవారికి వేరే చెప్పనక్కర లేదు.

చూడడానికి ఆమె గొప్పగా కనబడే మనిషి కాదు. పొట్టి మనిషి, లావుపాటి కళ్ళద్దాలు, నెరిసిన జుట్టు ముడివేసుకొని ఉండేవారు. చెరలోకి వెళ్ళేనాటికి ఆమె వయస్సు దాదాపు యాబైరెండు సంవత్సరాలు.

1941 డిసెంబరులో జపాను సైన్యం మలయాలో దిగింది. రెండు నెలలలో సింగపూరు అంచుకు వచ్చింది. మలయా అన్నప్పుడు మనవాళ్ళ సంగతి కూడ చెప్పుకోవాలి. అక్కడి రబ్బరు తోటలలోనూ, కొబ్బరి తోటలలోనూ తమిళులతో పాటు మన తెలుగు కూలీలు కూడ ఉండేవారు. దొరలు ఓడలెక్కి పోయే వేళకు తోటలలో ఉన్న కూలీలను ఓడ ఎక్కించినవారు ఎవరూ లేరు. వారి సంగతికి మళ్ళీ వస్తాను.

1942 ఫిబ్రవరి రెండవ వారంలో సింగపూరు రేవునుండి స్త్రీలను, పిల్లలను, గాయపడినవారిని దొరికిన ప్రతి ఓడలోనూ ఎక్కించి పంపారు. బంకా జలసంధిలో జపాను నౌకలు, విమానాలు కాచుకొని ఉన్నాయి. ఎన్నో ఓడలు మునిగిపోయాయి. మార్గరెట్ గారు ఎక్కిన ఓడ పేరు మాతా హరి. దానిని ముంచలేదు, పట్టుకొన్నారు. అందులోని వారందరినీ బంకా దీవిలోని ముంటోక్ రేవులో దింపి బందీలుగా తీసుకొన్నారు. సరిగ్గా ఆ రోజులలోనే, ఫిబ్రవరి 15న, సింగపూరు లొంగిపోయింది.

వైనర్ బ్రూక్ అనే మరొక ఓడలో 65 మంది ఆస్ట్రేలియా సైనిక నర్సులు ఉన్నారు. అది ఫిబ్రవరి 14న బాంబులకు మునిగింది. 12 మంది నర్సులు సముద్రంలోనే పోయారు. ఈదుకుంటూ రాజి అనే తీరానికి చేరినవారిలో 22 మంది నర్సులను జపాను సైనికులు 16వ తేదీన సముద్రంలోకి నడిపించి వెనుకనుండి తుపాకులతో కాల్చారు. వివియన్ బుల్‌వింకెల్ అనే ఒక్క నర్సు మాత్రమే తూటా తగిలినా బ్రతికి బయటపడింది. మిగిలిన 32 మంది మార్గరెట్ గారున్న చెరలోకే వచ్చారు. ఆ తీరంలో జరిగినది బయటికి పొక్కితే బ్రతికినదానిని కూడ చంపుతారని ఆ నర్సులందరూ మూడున్నర సంవత్సరాలు నోరు మెదపలేదు. ఈ సంగతిని నేను ముందే ఎందుకు వ్రాస్తున్నానంటే, తరువాత చెప్పబోయే పాట సంగతి విని, అక్కడ పరిస్థితి అంత చెడ్డగా లేదేమో అని ఎవరూ అనుకోకూడదు.

ముంటోక్‌నుండి వారిని సుమత్రాలోని పాలెంబాంగ్ పట్టణానికి తీసుకొనిపోయారు. అక్కడ డచ్చివారి చిన్న చిన్న ఇండ్ల వరుస ఒకటి ఉండేది. ఒక చిన్న కుటుంబానికి కట్టిన ఇంటిలో ఇరవై ముప్పై మందిని కుక్కారు. డచ్చివారు, ఇంగ్లీషువారు, ఆస్ట్రేలియా వారు, మిశ్రమ జాతివారు, కాన్వెంటు సిస్టర్లు, తోట యజమానుల భార్యలు, పసిపిల్లలు, ముసలివారు, అందరూ అక్కడే. కొన్నాళ్ళకు వారు సుమారు 600 మంది అయ్యారు. మన చాళ్ళలో పది అడుగుల ఖోలీలో పదిమంది సర్దుకొని పండుకొనే సంగతి ఎరిగినవారికి ఆ ఇండ్లు కంటికి కడతాయి. తేడా ఏమంటే మనం సాయంత్రం బయటికి వెళ్ళి గాలి పీల్చుకొని రాగలం.

మార్గరెట్ గారికీ తోటి మిషనరీలకూ దొరికినది ఒక కారు షెడ్డు. తొమ్మిదవ నంబరు గరాజు అనేవారు. అదే ఆ చెరలో దేవాలయం అయింది. ఆదివారం ఆరాధన అక్కడ జరిగేది. పాటల పుస్తకాలు చాలవు, పియానో లేదు, బోధకుడు లేడు. ఉన్నవారికే ఆమె కొందరిని కూర్చి పాటలు నేర్పారు. ప్రసంగం వంతులవారీగా చెప్పుకొన్నారు.

1942 జులై 5, ఆదివారం. ఆ రోజు ఆరాధనలో ఒక క్రొత్త కీర్తన పాడారు. మాటలూ మార్గరెట్ గారివే, రాగమూ ఆమెదే. మొదటిసారి ముగ్గురు స్త్రీలు నిలబడి పాడారు, ఆమె వారిలో ఒకరు. దానికి బందీల కీర్తన అని పేరు వచ్చింది. ఆనాటినుండి చెర ముగిసేవరకు ప్రతి ఆదివారం ఆ కీర్తన పాడారు. ఈనాటికీ ఆ చెరలో ఉన్నవారిని జ్ఞాపకం చేసుకొనే కూటాలలో పాడుతున్నారు.

కీర్తనలోని పంక్తులు ఇక్కడ వ్రాయను, దాని భావం మాత్రం చెప్పాలి. ఓర్పు ఇమ్మని, ధైర్యంతో పాటు వినయం ఇమ్మని అడిగారు. దూరాన ఉన్న సొంతవారిని కాపాడమని అడిగారు. దేశాలు అన్నదమ్ములవలె బ్రతికే రోజు తెమ్మని అడిగారు. శత్రువును పడగొట్టుమని ఒక్క మాట కూడ లేదు. నేను దానిని చదివినప్పుడు నాకు 137వ కీర్తన గుర్తుకు వచ్చింది. బబులోను నదుల దగ్గర కూర్చొని ఏడ్చినవారు సితారాలను చెట్లకు తగిలించారు, అన్యదేశంలో పాట ఎట్లా పాడతామని అడిగారు. ఆ కీర్తన చివరి వచనం ఎంత భయంకరమైనదో, ఆరాధనలో చదివేటప్పుడు మనం దానిని ఎట్లా దాటవేస్తామో మీకు తెలుసు. రాజి తీరం జరిగిన అయిదు నెలలకే వ్రాసిన పాట ఇది. నర్సులు నోరు మెదపలేదు కనుక ఆమెకు ఆ సంగతి తెలిసి ఉండకపోవచ్చు. కాని ఓడలు మునగడం ఎరిగినవారే, కొట్టుడు తిన్నవారిని చూచినవారే. అయినా ఆ చివరి వచనం దాకా ఆమె వెళ్ళలేదు. ఇది మెతకతనం అని కొందరు అనవచ్చు. నేను అట్లా అనుకోను. కోపం ఎక్కువైతే మొదట తినేది ఆకలిగా ఉన్న మనిషినే.

చెరలో దినచర్య ఇదీ. ఉదయం సాయంత్రం వరుసలో నిలబడి లెక్క ఇవ్వాలి. జపాను కావలివాడు కనబడితే నడుము వంచి నమస్కరించాలి. వంచినది చాలలేదని తోస్తే చెంపదెబ్బ. ఎండలో గంటలకొద్దీ నిలబెట్టడం కూడ ఉండేది. తిండి అంటే రాళ్ళు పురుగులు కలిసిన బియ్యం, దానిలోకి గుప్పెడు తూటికూర వంటి నీటి ఆకు. నీళ్ళకు కరువు. నల్లా దగ్గర బిందెల వరుసలో పోట్లాటలు మన గల్లీలకే పరిమితం అనుకోవద్దు, చదువుకొన్న దొరసానులు కూడ డబ్బాడు నీళ్ళకు కొట్లాడుకొన్నారు. డచ్చివారికీ ఇంగ్లీషువారికీ పడేది కాదు. డచ్చివారు తమ సామాను కొంత తెచ్చుకొన్నారు, ఓడ మునిగి వచ్చినవారికి ఒంటిమీద బట్టలు తప్ప ఏమీ లేవు. ఉన్నవారు, లేనివారు అనే గోడ చెర లోపల కూడ లేచింది.

మార్గరెట్ గారు ఆ గోడను ప్రసంగాలతో పడగొట్టాలని చూడలేదు. పని పెట్టారు. క్యాంప్ క్రానికల్ అనే వ్రాతపత్రిక నడిపారు. వంటలు, చిక్కుప్రశ్నలు, నవ్వులాటలు, ఆరోగ్య సలహాలు అందులో ఉండేవి. పిల్లలకు పాఠాలు చెప్పారు. చిన్న నాటికలు వ్రాసి వేయించారు. పుట్టినరోజు వస్తే పద్యం కట్టి, బొమ్మ వేసి చేతిలో పెట్టేవారు. నర్సుగా చేతనైనది రోగులకు చేసేవారు. ఉపాధ్యాయ శిక్షణలో మాకు ఒక మాట మళ్ళీ మళ్ళీ చెప్పేవారు, నల్లబల్ల లేదు, సుద్ద లేదు అని పాఠం ఆపవద్దని. శిక్షణ కాలేజీలో ఆ మాట విని పరీక్షలో వ్రాసి మార్కులు తెచ్చుకొన్నవారిలో నేనూ ఒకడిని. నిజంగా ఏమీ లేనిచోట ఆమె చేసి చూపించారు.

1943 సెప్టెంబరులో వారిని పాలెంబాంగ్‌లోనే మరొక చోటికి మార్చారు. అంతకుముందు పురుష ఖైదీలు ఉన్న పాకలు అవి. బురద నేల, ఆకుల కప్పు, రెండు వైపులా పొడవైన వెదురు అరుగులు, ఆ అరుగుల మీద మనిషి పక్కన మనిషి. ఎలుకలు, నల్లులు, వాన. అక్కడికి వచ్చాక వారి మనస్సులు బాగా క్రుంగిపోయాయి. రెండవ క్రిస్మసు దగ్గరకు వస్తున్నది, విడుదల జాడ లేదు.

ఇక్కడ నోరా చేంబర్స్ గారిని గూర్చి చెప్పాలి. లండనులోని రాయల్ అకాడమీ ఆఫ్ మ్యూజిక్‌లో వయొలిన్ చదివిన స్త్రీ, భర్త మలయాలో ఇంజనీరు. చిన్న కూతురును ముందే ఓడలో పంపి తల్లి చెరలో పడింది. భర్త పురుషుల చెరలో ఉన్నాడు. సినిమాలో గ్లెన్ క్లోజ్ వేసిన పాత్ర ఈమెదే. నోరా గారికి వాద్యబృందం నడిపే నేర్పు ఉంది, వాయిద్యాలు లేవు. మార్గరెట్ గారికి పియానో మీద ఒకప్పుడు వాయించిన కృతులన్నీ స్వరాలతో సహా తలలో ఉన్నాయి, పియానో లేదు. ఇద్దరూ కూర్చొని ఆలోచించారు. వయొలిన్ పాడవలసినది ఒక గొంతు పాడితే, సెల్లో పాడవలసినది క్రింది గొంతు పాడితే, మాటలు లేకుండ ఊ అనీ ఆ అనీ లూ అనీ స్వరం మాత్రమే పట్టుకొంటే, ముప్పై మంది స్త్రీలు ఒక వాద్యబృందం కాగలరని తేల్చుకొన్నారు.

మాటలు లేకపోవడం అవసరం కొద్దీ జరిగినా, అది గొప్ప మేలు అయింది. డచ్చి భాషలో పాడితే ఇంగ్లీషువారికి కోపం, ఇంగ్లీషులో పాడితే డచ్చివారికి కోపం. మాటే లేకపోతే కోపానికి చోటు లేదు. మరాఠీ సంఘంతో, తమిళ సంఘంతో కలిసి క్రిస్మసు కూటం పెట్టినప్పుడు ఏ భాష పాట ముందు పాడాలనే తగవు వింటుంటే నాకు ఆ ముప్పై మందే మనసులో మెదులుతారు.

మార్గరెట్ గారు జ్ఞాపకంనుండి స్వరాలు వ్రాస్తూ పోయారు. కాగితం ముక్కలు ఎక్కడ దొరికితే అక్కడ. ద్వోర్జాక్ సింఫనీలోని లార్గో, షోపెన్ ప్రెల్యూడ్, బీథోవెన్, షూబర్ట్, దెబుస్సి. పెద్ద వాద్యబృందానికో, పియానోకో వ్రాసిన దానిని నాలుగు ఆడగొంతులకు కుదించడం మామూలు పని కాదు. మగగొంతు లేదు కనుక క్రింది స్థాయి దొరకదు. తలలో మొత్తం వినబడుతూ ఉంటేనే ఏది ఉంచాలో ఏది తీయాలో తెలుస్తుంది. అట్లా ఇద్దరూ కలిసి సుమారు ముప్పై కృతులు సిద్ధం చేశారు. బట్టీయం అంటే ఈ రోజులలో అందరికీ చులకన. మన అవ్వలు అక్షరం రాకుండానే ఆంధ్ర క్రైస్తవ కీర్తనలు చరణాలతో సహా పాడుతూ బొంబాయి రైలు దిగారు. వారి మూటలలో పుస్తకం లేదు. ఒళ్ళంతా సోదా చేసినా కావలివాడికి దొరకని సామాను అది.

అభ్యాసం సాయంత్రాలలో, పని ముగిసిన తరువాత. పని అంటే కట్టెలు కొట్టడం, నీళ్ళు మోయడం, మరుగుదొడ్ల గుంటలు ఎత్తిపోయడం. నోరా గారు ఆ గుంటల పని చేసి, చేతులు కడుగుకొని వచ్చి అభ్యాసం నడిపేవారు. పాడేవారికి కడుపులో ఏమీ లేదు, ఊపిరి నిలవదు. కొందరికి జ్వరం. ఈ తిండితో పాటలెందుకు, ఉన్న ఓపిక కాపాడుకోవచ్చును గదా అనే ప్రశ్న రావడం సహజం. పాడినవారు తరువాత వ్రాసిన పుస్తకాలలో ఒక్కటే కనబడుతుంది. అభ్యాసం ఉన్న రోజు వారు ఆ రోజు కోసం బ్రతికారు.

1943 డిసెంబరు 27 సాయంత్రం మొదటి కచేరీ. ఉన్నవాటిలో మంచి బట్టలు కట్టుకొని ముప్పై మంది వచ్చారు. నిలబడే ఓపిక లేక చిన్న పీటల మీద కూర్చున్నారు. మార్గరెట్ గారు ముందుకు వచ్చి, ఇది మనుష్యుల గొంతులతో చేసిన వాద్యబృందం అని, కండ్లు మూసుకొని పెద్ద సభామందిరంలో ఉన్నట్లు ఊహించుకొనుమని చెప్పారు. నోరా గారు చేయి ఎత్తారు. లార్గో మొదలైంది.

పెద్ద గుంపులు కూడవద్దని కావలివారి నిషేధం. ఒక కావలివాడు తుపాకి చివర బాయినెట్టుతో అరుస్తూ పరుగెత్తి వచ్చాడు. నోరా గారు చేయి దించలేదు. గొంతులు ఆగలేదు. అతడు దగ్గరకు వచ్చి, నిలబడి, చివరిదాకా వింటూ ఉండిపోయాడు. ఇది సినిమాలో కూడ ఉన్నది. ఆ తరువాత కచేరీలకు కావలివారు కొందరు వినడానికి వచ్చేవారు. దీనిని పట్టుకొని కావలివారు మారిపోయారని ఎవరైనా ప్రసంగం చేస్తే నేను ఒప్పుకోను. మరునాడు బియ్యం పెరగలేదు, మందులు రాలేదు. దెబ్బలు కూడ ఆగలేదు. విన్నంతసేపు విన్నాడు, అంతవరకే వ్రాయడం న్యాయం.

1944 అక్టోబరులో వారిని మళ్ళీ ముంటోక్‌కు తరలించారు. అక్కడి నీళ్ళు, దోమలు ప్రాణాంతకం అయ్యాయి. మలేరియా, రక్తవిరేచనాలు, ఒళ్ళు నీరుపట్టే బెరిబెరి, ఆపైన బంకా జ్వరం అని వారు పేరు పెట్టుకొన్న జ్వరం. మందులు జపానువారి గిడ్డంగులలో ఉన్నాయి, ఖైదీలకు ఇవ్వలేదు. రోజూ ఎవరో ఒకరు పోయేవారు. లేవగలిగిన స్త్రీలే గోతులు త్రవ్వి, పెట్టెలు మోసి, సమాధి ఆరాధన జరిపారు. 1945 తొలి నెలలు వచ్చేసరికి పాడేవారిలో సగానికి మించి పోయారు. మిగిలినవారికి గొంతు ఎత్తే శక్తి లేదు. వాద్యబృందం ఆగిపోయింది. ఆదివారం కీర్తన మాత్రం ఆగలేదు.

1945 ఏప్రిల్‌లో చివరి మార్పు. ముంటోక్‌నుండి పడవలో, తరువాత మూసిన రైలుపెట్టెలలో, ఆ తరువాత లారీలలో సుమత్రా లోపలి భాగంలోని లుబుక్ లింగావ్ దగ్గర బెలాలావ్ అనే రబ్బరు తోటకు తీసుకొనిపోయారు. రోగులను కూడ అట్లాగే మోసుకొనిపోయారు. దారిలోనే కొందరు చనిపోయారు. మార్గరెట్ గారు ఆ తోటకు చేరేటప్పటికే బాగా నీరసించి ఉన్నారు. చేరిన కొద్ది రోజులకే, 1945 ఏప్రిల్ 21న, ఆమె ప్రాణం విడిచారు. వయస్సు యాబైయైదు. యుద్ధం ముగియడానికి ఇంకా నాలుగు నెలలు ఉన్నది. రబ్బరు చెట్ల మధ్య పాతిపెట్టారు.

ఆగస్టు నడుమ జపాను లొంగిపోయింది. ఆ సంగతి ఆ తోటలో ఉన్న స్త్రీలకు ఆగస్టు 24న గాని చెప్పలేదు. మొత్తంమీద ఆ చెరలో ముగ్గురిలో ఒకరు పోయారని లెక్క. 32 మంది ఆస్ట్రేలియా నర్సులలో 8 మంది చెరలో చనిపోగా 24 మంది స్వదేశం చేరారు. వారిలో బెట్టీ జెఫ్రీ అనే నర్సు పాటబృందంలో పాడినవారే. చెరలో రహస్యంగా వ్రాసుకొన్న దినచర్యను వైట్ కూలీస్ అనే పేరుతో 1954లో పుస్తకంగా వేశారు. నోరా గారికి భర్తా, కూతురూ మళ్ళీ దొరికారు. ఆమె 1989 వరకు జీవించారు.

ఆమె స్వరాలు వ్రాసిన కాగితాల సంగతి చిత్రమైనది. కోలైన్ అనే డచ్చి కుటుంబంలోని ముగ్గురు అక్కచెల్లెండ్రు ఆ చెరలో ఉన్నారు. వారిలో ఆంత్వానెట్ గారు పాటబృందంలో పాడేవారు, స్వరాల ప్రతిని చెరంతా భద్రంగా దాచుకొని ఇంటికి తెచ్చుకొన్నారు. అది ముప్పై అయిదేండ్లు ఇంటిలోనే ఉండిపోయింది. 1980లో దానిని అమెరికాలోని స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయానికి ఇచ్చారు. కాలిఫోర్నియాలోని ఒక స్త్రీల పాటబృందం వాటిని నేర్చుకొని సభలో పాడింది, చెరలో బ్రతికి మిగిలినవారు కొందరు వచ్చి విన్నారు. 1985లో దానిమీద డాక్యుమెంటరీ వచ్చింది. ఆంత్వానెట్ గారి అక్క హెలెన్ కోలైన్ గారు సాంగ్ ఆఫ్ సర్వైవల్ అనే పుస్తకం వ్రాశారు. అంతకుముందే 1981నుండి బి.బి.సి. టెలివిజన్‌లో టెంకో అనే ధారావాహిక ఇటువంటి చెర కథతోనే నడిచింది. టెంకో అంటే జపాను భాషలో వరుసలో నిలబెట్టి లెక్క తీయడం.

సినిమాను గూర్చి రెండు మాటలు. బొమ్మ బాగున్నది, మన ఇంటి ఆడపిల్లలు చూడవచ్చును, కొన్ని దృశ్యాలు చాలా క్రూరంగా ఉన్నాయి గనుక చిన్నపిల్లలకు వద్దు. కథంతా పాటబృందం నడిపిన స్త్రీ చుట్టూ తిప్పారు. మిషనరీని ప్రక్కన నిలబెట్టారు, మంచి ముసలామెగా చూపి ఊరుకొన్నారు. ఆ గరాజు ఆరాధనలు, పత్రిక, పిల్లల పాఠాలు, మొదటి సంవత్సరంన్నర ఆమె వేసిన పునాది తెరమీద అంతగా రాలేదు. పాటబృందం ఒక్క రాత్రిలో పుట్టలేదు. మొదట ఆదివారాలు ఉన్నాయి.

మలయా తోటలలోని మన కూలీల సంగతికి వస్తానన్నాను. బర్మా సయాముల మధ్య జపానువారు వేసిన రైలుదారికి ఆ తోటలనుండి తమిళులను, తెలుగువారిని వేలకొలది తరలించారు. ఆ దారి మీద సుమారు 60 వేల మంది యుద్ధఖైదీలు పనిచేస్తే, ఆసియా కూలీలు సుమారు 2 లక్షల మంది. వారిలో చచ్చినవారు ఖైదీలకంటె ఎన్నోరెట్లు ఎక్కువ. ఖైదీల మీద 1957లోనే క్వాయ్ నది వంతెన సినిమా వచ్చి బహుమతులు తెచ్చుకొన్నది. కూలీల పేర్లు వ్రాసుకొన్న పుస్తకం లేదు, వారి దినచర్య వ్రాసినవారు లేరు. వ్రాయడం వచ్చినవారికే చరిత్ర మిగిలింది. మీ ఇండ్లలో ముత్తాత మలయాకో, రంగూనుకో వెళ్ళి తిరిగి రాలేదనే మాట వినబడితే, ఊరి పేరు, ఆయన పేరు, వెళ్ళిన కాలం ఒక నోటుపుస్తకంలో వ్రాయించి పెట్టండి. చెప్పగలిగిన పెద్దలు ఇప్పుడు కొద్దిమందే ఉన్నారు.

చిత్రం చూడబోయేవారికి ఇంకొక్క సంగతి. అందులో వినబడే గొంతులు ఆ నటీమణులవి కావు. హాలెండులోని హార్లెమ్ పట్టణపు మల్లె బాబె అనే స్త్రీల పాటబృందం పాడింది. వారు పాడినవి మార్గరెట్ గారూ నోరా గారూ పాలెంబాంగ్ పాకలలో కూర్చిన స్వరాలే.